ఆగడానికి వీల్లేని చోట

రైల్వేలో భద్రతకి అసలు కాపలాదారు భూమ్యాకర్షణ. కొత్తగా వింటే విడ్డూరంగా ఉంటుంది గానీ, పాత సిగ్నల్ డిపార్ట్‌మెంటు వాళ్లని ఎవరినడిగినా తడుముకోకుండా ఒప్పుకుంటారు. పట్టాల్లోంచి చిన్నపాటి కరెంటు పారుతూ ఉంటుంది. అది అందినంతసేపూ రిలే తన లోపలి ఇనప రేకుని పైకి పట్టుకుని ఉంటుంది. బండి వచ్చిందంటే చక్రాలూ ఇరుసూ కలిసి ఆ కరెంటుని దారిలోనే మళ్లించేస్తాయి. రిలేకి అందదు. రేకు తన బరువుకి తనే కిందపడుతుంది, సిగ్నల్ ఎర్రబడుతుంది. బండి రాకుండా ఊరికే వైరు తెగినా అంతే. బ్యాటరీ చచ్చినా అంతే, పట్టా విరిగినా అంతే. ఏం జరిగిందో రిలేకి తెలియదు, తెలియాల్సిన పనీ లేదు. అనుమానం వస్తే ఎరుపు. కరెంటు పోవచ్చు, స్ప్రింగు నీరసించవచ్చు, డ్యూటీలో ఉన్న మనిషికి కునుకు పట్టవచ్చు. భూమి మాత్రం లాగడం మానదు. ఆ నమ్మకం మీద వందేళ్లకి పైగా బండ్లు నడిచాయి.

నాన్న సిగ్నల్ డిపార్ట్‌మెంటు మనిషి. ఈ ధర్మం మీద అన్నం తిన్న ఇంట్లో పుట్టి, దీనికి నూటికి నూరుపాళ్లూ ఎదురు నిలిచే విద్యని పాఠంగా చెప్పుకునే ఉద్యోగంలో చేరాను. ఏవియానిక్స్. విమానం ఎక్కడుందో, ఎంత ఎత్తులో ఉందో, ఎటు వాలుతోందో కనిపెట్టే పరికరాలు, వాటి మాట విని రెక్కల్ని కదిలించే కంప్యూటర్లు, అవి ఒకదానితో ఒకటి మాట్లాడుకునే తీగలు. బంధువుల పెళ్లిళ్లలో “మీ అబ్బాయి ఏం చెప్తాడమ్మా కాలేజీలో?” అని అడిగితే మా అమ్మ “విమానాల కరెంటు పని” అనేది. ఇంతకన్నా మంచి నిర్వచనం నేను ఏ పుస్తకంలోనూ చూడలేదు.

మాది ఖరగ్‌పూర్. ఇక్కడ తెలుగువాళ్లు ఎందుకున్నారని కొత్తవాళ్లు అడుగుతారు. రైలు తెచ్చింది, రైలే ఉంచింది. బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే రోజుల్లో ఇక్కడ వర్క్‌షాపు లేచాక శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ వైపు నుంచి బోగీల కొద్దీ మనుషులు వచ్చారు. నింపురా, మథురాకాటి, ఓల్డ్ సెటిల్‌మెంట్ క్వార్టర్లలో ఇప్పటికీ ఒక గుమ్మంలో “ఏటి, డ్యూటీకెల్లలేదా?” అని వినపడితే పక్క గుమ్మంలో బెంగాలీ, ఆ పక్కన ఒడియా. 1928లో బీఎన్నార్ కార్మికుల సమ్మెని నడిపించినవాడు బరంపురంలో పుట్టిన మన వి.వి. గిరి. తరవాత రాష్ట్రపతి అయ్యాడు గానీ, మా వీధి పెద్దల లెక్కలో ఆయన ముందు యూనియన్ మనిషి, ఆ తరవాతే మిగతావన్నీ. 2020 డిసెంబరులో పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం తెలుగుకి అధికార భాష గుర్తింపు ఇచ్చినప్పుడు ఇక్కడి ముసలివాళ్లు పెద్దగా సంబరపడలేదు. ఎప్పుడో రావలసిన ఇంక్రిమెంటు ఆలస్యంగా వచ్చినట్టు చూశారు.

ఈ ఊరికి రెండు ముఖాలు. ఒకటి రైల్వే వైపు, రెండోది ఐఐటీ వైపు. మధ్యలో పూరీ గేటు. మా చిన్నతనంలో అటు వెళ్లడమంటే వేరే దేశం వెళ్లడమే. అటువైపు మనుషులు సైకిల్ మీద నిదానంగా పోతారు, ఇటువైపు సైరన్ మోగిందంటే సైకిళ్లు పరిగెడతాయి. పైన మాత్రం ఇద్దరికీ ఒకటే ఆకాశం, అందులో కలైకుండా వైమానిక స్థావరం నుంచి లేచే యుద్ధ విమానాలు. 1965 సెప్టెంబరు 7న పాకిస్తాన్ సేబర్ జెట్లు కలైకుండా మీద దాడికి వస్తే ఆల్ఫ్రెడ్ కుక్ అనే కుర్ర పైలట్ హంటర్ విమానంలో వాటిని తరిమి తరిమి కొట్టాడు. ఆ పోరు చెట్ల కొమ్మలంత ఎత్తులో జరిగిందని చూసినవాళ్లు చెప్పగా విన్నాను. కుక్ దగ్గర ఉన్నది తుపాకులు, కళ్లు, చేతిలోని కర్ర. అతని చేతికీ రెక్కకీ మధ్య తన సొంత అభిప్రాయం ఉన్న యంత్రం ఏదీ లేదు.

ఆ మధ్యలోకి యంత్రం ఎలా వచ్చి కూర్చుందన్నదే నా సబ్జెక్టు చరిత్ర. దాని ముక్క ఒకటి మా ఊళ్లోనే ఉంది.

హిజ్లీ జైలు భవనం తెలియనివారు ఈ చుట్టుపక్కల లేరు. 1931 సెప్టెంబరు 16న అందులో నిర్బంధంలో ఉన్న సంతోష్ కుమార్ మిత్రా, తారకేశ్వర్ సేన్‌గుప్తాలని పోలీసులు కాల్చి చంపారు. 1951లో ఐఐటీ తొలి పాఠాలు మొదలైందీ ఆ భవనంలోనే. ఈ రెండు సంగతులూ పాఠ్యపుస్తకాల్లో ఉంటాయి. మధ్యలో జరిగింది మాత్రం చాలామంది చెప్పరు. 1944లో అమెరికా సైన్యం తన ఇరవయ్యో బాంబర్ కమాండ్‌ని ఖరగ్‌పూర్‌లో పెట్టింది. అప్పటికి యుద్ధంలోకి దిగిన బాంబర్లలోకెల్లా పెద్దది బీ-29. ఆ విమానాలు ఈ చుట్టుపక్కల పొలాల్లో వేసిన రన్‌వేల మీద దిగాయి. వాటి మొట్టమొదటి యుద్ధయాత్ర 1944 జూన్ 5న ఇక్కడి నుంచే బయల్దేరింది. లక్ష్యం ఏమిటనుకున్నారు? బాంకాక్‌లోని మక్కసాన్ రైల్వే వర్క్‌షాపులు. రైల్వే ఊరి నుంచి లేచి ఇంకో రైల్వే ఊరి మీద పడ్డాయి. మా వీధి నుంచి ఎవరూ అడగలేదు గానీ, ఆ బాంకాక్ వర్క్‌షాపులోనూ మా వాళ్లలాంటి ఫిట్టర్లే ఉండి ఉంటారు.

బీ-29లో నాలాంటివాడికి నచ్చేది దాని రెక్కలు కాదు, తుపాకులు. తుపాకీ దగ్గర మనిషి ఉండడు. అతను గాజు బుడగ దగ్గర కూర్చుని గురి చూస్తాడు. గాలి వేగం, ఎత్తు, దూరం లెక్కకట్టి ఎక్కడో ఉన్న తుపాకీని తిప్పేది ఒక యంత్రం. గేర్లూ మోటార్లూ వాక్యూమ్ ట్యూబులతో చేసిన ఎనలాగ్ కంప్యూటర్. 1944లో ఎడ్లబండ్లు తిరిగే ఈ మిద్నాపూర్ మట్టి మీద, మనిషికి బదులు నిర్ణయం తీసుకునే పెట్టెలు వరసగా నిలబడి ఉన్నాయన్న మాట. వాటికి ఎర్ర సిగ్నల్ లేదు.

ఆ బీ-29 జాతి విమానంలోనే, యుద్ధం ముగిసిన చాన్నాళ్లకి, 1953 ఫిబ్రవరి 8న ఒక ప్రొఫెసరు అమెరికా తూర్పు తీరం నుంచి లాస్ ఏంజెలెస్‌కి ప్రయాణం చేశాడు. చార్లెస్ స్టార్క్ డ్రేపర్. నా వృత్తికి మూలపురుషుడు ఎవరంటే ఆయన పేరే చెప్తాను. మిస్సోరీలోని విండ్సర్ అనే చిన్న ఊళ్లో 1901లో పుట్టాడు. 1922లో స్టాన్‌ఫర్డ్ నుంచి పుచ్చుకున్న డిగ్రీ సైకాలజీలో. ఇంజనీరింగ్ కాదు, ఫిజిక్స్ కాదు, మనస్తత్వం! ఆ తరవాత ఎంఐటీకి వెళ్లి ఏళ్ల తరబడి కనపడిన కోర్సులన్నీ చేసుకుంటూ పోయాడు. ఇలాంటి విద్యార్థి ఇవాళ మా దగ్గరికొస్తే “ముందు క్రెడిట్లు తేల్చుకో నాయనా” అని పంపించేస్తాం. ఆయన విమానం నడపడం కూడా నేర్చుకున్నాడు. కాక్‌పిట్లో ముళ్లు తిరిగే డయల్స్‌ని చూసి, ఇవి పైలట్‌కి నిజం చెప్పడం లేదన్న అసంతృప్తితో ల్యాబ్ పెట్టాడు. యుద్ధకాలంలో ఓడల మీది విమాన విధ్వంసక తుపాకులకి మార్క్ 14 అనే గురి పరికరం అక్కడి నుంచే వచ్చింది.

1953 ప్రయాణం సంగతి చెప్పాలి. విమానంలో స్పైర్ అనే పరికరం పెట్టారు. బరువు 1,200 కిలోల పైచిలుకు. దానికి కిటికీ లేదు, రేడియో లేదు, నక్షత్రాలు చూసే గొట్టం లేదు. గైరోస్కోపులు ఏ దిక్కు ఏదో గుర్తు పెట్టుకుంటాయి. యాక్సిలరోమీటర్లు ప్రతి చిన్న తోపునీ లెక్కపెడతాయి. తోపుని ఒకసారి కూడితే వేగం, వేగాన్ని ఇంకోసారి కూడితే దూరం. కళ్లు మూసుకుని, కుర్చీలో నుంచి కదలకుండా, వీపుకి తగిలిన కుదుపుల్ని బట్టి ఊరు ఎంత దూరం వచ్చిందో చెప్పడంలాంటిది. పన్నెండు గంటలకి పైగా సాగిన ఆ ప్రయాణంలో విమానాన్ని దారి తప్పకుండా నడిపింది ఈ గుడ్డి పెట్టే.

ఇది కుదిరే పని కాదన్నవాళ్లు సామాన్యులు కారు. విశ్వం పుట్టుక గురించి రాసిన భౌతిక శాస్త్రవేత్త జార్జ్ గామోవ్ కూడా అందులో ఉన్నాడు. ఆయన అభ్యంతరం ఎంత బలమైనదో క్లాసులో చెప్పినప్పుడల్లా నాకే ముచ్చటేస్తుంది. మూసిన పెట్టెలో కూర్చున్నవాడికి విమానం ముందుకి దూకడానికీ, భూమి కిందికి లాగడానికీ తేడా తెలియదు. ఐన్‌స్టీన్ చెప్పిందీ అదే. మరి “కింద” అంటే ఎటో తెలియనివాడు “ముందు” ఎటో ఎలా చెప్తాడు? జవాబుకి దారి జర్మనీలో మాక్స్ షూలర్ 1923లోనే చూపించి పెట్టాడు. భూమి వ్యాసార్ధమంత పొడవైన లోలకం ఉంటే అది ఎంత కుదిపినా నిలువు దారి తప్పదు, ఒకసారి ఊగడానికి దానికి 84 నిమిషాలు పడుతుంది. అంత పొడవు తాడు ఎవరూ కట్టలేరు. కానీ గైరోలూ యాక్సిలరోమీటర్లూ కలిపి, ఆ లోలకం ఎలా ఊగుతుందో అలా ఊగేట్టు పరికరాన్ని సవరించవచ్చు. తప్పులు ఉంటాయి. అయితే అవి కొండలా పెరిగిపోకుండా ఆ 84 నిమిషాల లయలో అటూ ఇటూ ఊగుతాయి.

మా నాన్నకి కాపలా కాసిన భూమ్యాకర్షణే డ్రేపర్‌కి శత్రువై కూర్చుందని నాకు తట్టింది ఈ పాఠం చెప్తూనే. రిలే గదిలో అది నిజం చెప్తుంది. విమానంలో అది అబద్ధమాడుతుంది. కింద పట్టాలు ఉన్నంతసేపే అది మన మనిషి.

డ్రేపర్ కథ ఇక్కడ ఆపేస్తే బావుంటుంది గానీ, ఆపితే అన్యాయం. 1961లో నాసా చంద్రయాత్ర మార్గదర్శక వ్యవస్థని ఎంఐటీకి అప్పజెప్పింది. ఆ పరికరం పనిచేస్తుందో లేదో అని వాళ్లు సందేహిస్తారేమోనని అరవై ఏళ్ల డ్రేపర్ నేనే వ్యోమగామిగా వస్తాను, శిక్షణ ఇప్పించండి అని ఉత్తరం రాశాడు. తన పరికరం మీద నమ్మకం ఉన్నవాడు చెయ్యగల పని అది. అదే ల్యాబ్ జలాంతర్గాముల నుంచి పేల్చే అణుక్షిపణులకీ దారి చూపించింది. 1969లో విద్యార్థులు ధర్నాలు చేశారు. చివరికి 1973లో ఎంఐటీ ఆ ల్యాబ్‌ని వదులుకుంది. గురి తప్పకుండా తీసుకెళ్లే విద్యకి ఎక్కడికి తీసుకెళ్తున్నామన్నది తెలియదు. ఏవియానిక్స్ చెప్పే ప్రతివాడూ ఈ మెతుకు నమలాలి. మన దగ్గరా అంతే. హైదరాబాద్‌లోని రీసెర్చ్ సెంటర్ ఇమారత్‌లో క్షిపణుల నావిగేషన్ పనితో ఎదిగి, 2018లో డీఆర్‌డీఓ చైర్మన్ అయిన జి. సతీష్ రెడ్డి నెల్లూరు జిల్లా మనిషి, అనంతపురంలో చదువుకున్నవాడు. మా క్లాసులో తెలుగు పిల్లలకి ఆ పేరు చెప్తే వెన్ను నిటారవుతుంది. ఆ వెంటనే 1969 ధర్నా సంగతీ చెప్తాను. ఒకటి చెప్పి రెండోది దాచడం నాకు చేతకాదు.

ఉద్యోగంలో చేరిన కొత్తల్లో నాన్నకి ఫ్లై-బై-వైర్ అంటే ఏమిటో వివరించబోయాను. పైలట్ కర్ర తిప్పితే అది రెక్కకి తగలదు, కంప్యూటర్‌కి తగులుతుంది, కంప్యూటర్ ఒప్పుకుంటే రెక్క కదులుతుంది అని. ఆయన వింటూ వింటూ రైల్వే ప్రశ్న వేశాడు.

“మరి వైరు తెగితే?”

“ఇంకో మూడుంటాయి నాన్నా. నాలుగు ఛానెళ్లు.”

“ఆ నాలుగింట్లో ఒకటి తప్పు సెప్తే?”

“మిగతా మూడూ కలిసి దాన్ని వెలేస్తాయి.”

“అనుమానమొచ్చినప్పుడు ఆపీవచ్చు కదేటి?”

“గాల్లో ఎక్కడ ఆపుతాం నాన్నా?”

కాసేపు ఏమీ అనలేదు. “అయితే సంతకం ఎవుడు పెడతాడ్రా?” అన్నాడు. సిగ్నల్ గేరు ఏది విప్పినా ముందు స్టేషన్ మాస్టర్‌కి డిస్‌కనెక్షన్ మెమో ఇవ్వాలి. టైము వెయ్యాలి, సంతకం పెట్టాలి, పని అయ్యాక పరీక్షించి మళ్లీ సంతకం పెట్టాలి. ఆయన జీవితమంతా ఆ రెండు సంతకాల మధ్య గడిచింది. విమానంలో ఆ నాలుగు కంప్యూటర్లు ఒకదాన్నొకటి వెలేసుకుంటుంటే మెమో ఎవరిది? ఆ రోజు నేను నవ్వేశాను. ఏవియానిక్స్‌లో సగం పని ఆ ప్రశ్నకి జవాబేనని తరవాత పాఠాలు చెప్తుంటే తెలిసొచ్చింది.

మన తేజస్ యుద్ధ విమానం చూడండి. ఆ విమానాన్ని కావాలనే నిలకడ లేనిదిగా తయారు చేశారు. చురుగ్గా తిరగాలంటే అది తప్పదు. కంప్యూటర్ సెకనులో చిన్న ముక్కసేపు చేతులెత్తేసినా విమానం గాలిలో ముక్కలవుతుంది. అందుకే నాలుగు ఛానెళ్ల డిజిటల్ వ్యవస్థ. 1998లో పోఖ్రాన్ పరీక్షల తరవాత అమెరికా ఆంక్షలు పెట్టినప్పుడు, ఈ ఫ్లైట్ కంట్రోల్ మీద అక్కడి కంపెనీతో కలిసి పనిచేస్తున్న మనవాళ్లని ఇంటికి పంపించేశారు. మిగిలిన పని బెంగళూరులో మనవాళ్లే పూర్తి చేశారు. 2001 జనవరి 4న వింగ్ కమాండర్ రాజీవ్ కోఠియాల్ దాన్ని 18 నిమిషాలు ఎగరేశాడు. పత్రికలన్నీ విమానం బొమ్మ వేశాయి. ఆ 18 నిమిషాల్లో నాలుగు పెట్టెలు ఎన్ని వేలసార్లు ఒకదాని మాట ఒకటి సరిచూసుకున్నాయో బొమ్మలో పడదు. ఆ పని బాగా చేసినవాడికి చూపించుకోవడానికి ఏమీ మిగలదు. ఏమీ జరగకపోవడమే అతని ఘనత.

జరిగినవి మాత్రం లోకమంతా చూస్తుంది. 2018 అక్టోబరు 29న ఇండోనేషియాలో, 2019 మార్చి 10న ఇథియోపియాలో రెండు బోయింగ్ 737 మాక్స్ విమానాలు కూలి 346 మంది పోయారు. ముక్కు ఎంత పైకి లేచిందో చెప్పే సెన్సర్లు ఆ విమానానికి రెండున్నాయి. ముక్కుని కిందికి దించే సాఫ్ట్‌వేర్ ఒకసారికి ఒక్కదాని మాటే వింది. అది పాడై “ముక్కు లేచింది, ముక్కు లేచింది” అంటే, సాఫ్ట్‌వేర్ మళ్లీ మళ్లీ కిందికి తోసింది. పైలట్లు పైకి లాగుతూనే ఉన్నారు. నాన్న అయితే ఆ డ్రాయింగ్ మీద సంతకం పెట్టేవాడు కాదు. ఒక్క కాంటాక్టు మాట మీద గ్రీన్ ఇచ్చే సర్క్యూట్‌ని ఆయన చదువులేని కళ్లు కూడా పట్టేసేవి.

మూడుంటే చాలా అంటే అదీ కాదు. 2009 జూన్ 1న ఎయిర్ ఫ్రాన్స్ 447 అట్లాంటిక్ మీద వెళ్తుంటే వేగం కొలిచే గొట్టాల్లో మంచు పట్టింది. గొట్టాలు మూడు. మూడూ ఒకే రకం, ఒకే మేఘంలో ఉన్నాయి, ఒకేసారి పూడుకున్నాయి. వేగాల లెక్కలు పొంతన లేకుండా పోయేసరికి కంప్యూటర్ తనకి తెలిసిన ఒకే ఒక్క నిజాయతీ పని చేసింది. ఆటోపైలట్ వదిలేసి విమానాన్ని మనుషుల చేతికిచ్చింది. అప్పటి నుంచి నాలుగు నిమిషాల పైచిలుకులో 228 మందితో విమానం సముద్రంలో పడింది. విమానానికీ ఒక ఎర్ర సిగ్నల్ ఉంది, అది పైలట్. అయితే ఆ ఎరుపు వెలిగేది బండి నూటిరవైలో పోతుండగా, చిమ్మచీకట్లో, డ్రైవర్ అప్పుడే కళ్లు తెరిచినప్పుడు. యంత్రం తనకి చేతనైనంతసేపూ తనే నడిపి, చేతకాని క్షణాన మనిషి ఒళ్లో పడేస్తుంది. మా వృత్తి మీద నాకున్న పెద్ద ఫిర్యాదు ఇదే. దీనికి మందు ఇంకా ఎవరి దగ్గరా లేదు. సైకాలజీ చదివిన డ్రేపర్ లాంటివాళ్లు ఇంకొందరు ఈ వైపుకి రావాలని నాకుంది.

ఇద్దరు పెద్దమనుషులు చెరో మాట చెప్తే ఎవరిది వినాలన్న చిక్కు కూడా ఉంది. 2002 జులై 1న జర్మనీలో యూబర్లింగెన్ మీద రెండు విమానాలు ఎదురుపడ్డాయి. రెంటిలోనూ టీకాస్ ఉంది. ఢీకొట్టుకోకుండా ఒకదాన్ని పైకి, రెండోదాన్ని కిందికి పొమ్మని చెప్పే పరికరం. అది రష్యన్ విమానాన్ని పైకెక్కమంది. కింద నుంచి కంట్రోలర్ దిగమన్నాడు. పైలట్ మనిషి మాట విన్నాడు. రెండో విమానం యంత్రం మాట విని తనూ దిగింది. 71 మంది, ఎక్కువమంది బడిపిల్లలు. ఇప్పుడు రూలు స్పష్టం: టీకాస్ చెప్తే టీకాసే. రైళ్లు ఢీకొనకుండా చూసే మన రైల్వే కవచ్‌కి కూడా మొదట్లో పెట్టుకున్న పేరు టీకాసే. తొలి పరీక్షలు మన వికారాబాద్ వైపే జరిగాయి. పేరు ఒకటే గానీ రైలు టీకాస్ బ్రేకులు వేస్తుంది. విమానం టీకాస్‌కి బ్రేకు అన్న భాగ్యం లేదు, దారి తప్పించడమే ఉంది.

ఇంతవరకూ రైల్వే వైపు మాట్లాడానని ఎవరైనా అనుకుంటే, బహానగా బజార్ గురించి కూడా చెప్పాలి. ఖరగ్‌పూర్ డివిజన్‌లోనే ఉంది ఆ స్టేషన్. 2023 జూన్ 2 సాయంత్రం కోరమండల్ ఎక్స్‌ప్రెస్‌కి మెయిన్ లైన్‌కి గ్రీన్ వచ్చింది. బండి ఏ పట్టాల మీదికి పోవాలో తేల్చే పాయింటు మాత్రం పక్కనున్న లూప్ లైన్‌కి ఉంది. లూప్‌లో ఇనుప ఖనిజం బండి నిలబడి ఉంది. దాదాపు మూడు వందల మంది పోయారు. కోరమండల్ అంటే మా వీధి బండి. విశాఖ వెళ్లాలంటే అదే. ఆ రాత్రి నింపురాలో ఫోన్ మోగని ఇల్లు లేదు.

రైల్వే సేఫ్టీ కమిషనర్ విచారణలో తేలింది ఇది. లెవెల్ క్రాసింగ్ గేటు దగ్గర ఎలక్ట్రిక్ బ్యారియర్ మార్చే పని జరిగింది. అంతకు ముందెప్పుడో సిగ్నల్ పరికరాలుండే గుమ్టీలో సర్క్యూట్ మార్చినప్పటి లోపం అలాగే ఉండిపోయింది. వైర్లు కలవకూడని చోట కలిశాయి. వైరు తెగి ఉంటే ఎరుపు వచ్చేది. కరెంటు పోయినా ఎరుపు వచ్చేది. వైరు తెగలేదు, తప్పు చోట కలిసింది. పాయింటు సరిగ్గా ఉందన్న కరెంటు, పాయింట్లకీ సిగ్నళ్లకీ పొంతన చూసే ఇంటర్‌లాకింగ్‌కి అందుతూనే ఉంది. అబద్ధం నిజం వేషంలో వచ్చినప్పుడు రేకు కిందపడదు. భూమ్యాకర్షణ అక్కడే ఉంది, దాన్ని ఎవరూ పిలవలేదు. ఖరగ్‌పూర్ స్టేషన్‌లో 2017 నుంచి 800 రూట్లున్న ఎలక్ట్రానిక్ ఇంటర్‌లాకింగ్ నడుస్తోంది. పాత రిలేల టిక్కుటిక్కులు పోయి కంప్యూటర్లు వచ్చాయి. ఆ కంప్యూటర్లకీ చివర కేబుల్, కేబుల్ చివర టెర్మినల్, టెర్మినల్ దగ్గర స్క్రూడ్రైవర్ పట్టుకున్న మనిషి. రైలూ విమానమూ అక్కడ ఒకటే.

అందుకే మా ల్యాబ్‌లో ఒక ఆట పెట్టాను. బల్ల మీద మూడు చిన్న బోర్డులు. ఒక్కోదాని మీద తనదైన గైరో, తనదైన ప్రాసెసర్. మూడూ తమ కొలతల్ని నాలుగో బోర్డుకి పంపుతాయి, అది ఎక్కువమంది మాట చెల్లిస్తుంది. మోటార్‌కి తగిలించిన తెల్ల ప్లాస్టిక్ రెక్క దాని ప్రకారం కదులుతుంది. ముందు పిల్లలు ఒక వైరు పీకుతారు. ఎర్ర ఎల్‌ఈడీ వెలుగుతుంది, రెక్క వణకదు. వాళ్లు చప్పట్లు కొడతారు. అప్పుడు ఒక బోర్డు మీద మెల్లిగా హెయిర్ డ్రయ్యర్ పెట్టమంటాను. గైరో వేడెక్కి దాని కొలత కొంచెం కొంచెం పక్కకి జరుగుతుంది. తెగిపోవడం కాదు, జారడం. మొదట ఓటింగ్ దాన్ని పట్టించుకోదు, తేడా హద్దులోనే ఉంది కదా. తరవాత పక్క బోర్డుకీ ఆ వేడి తగులుతుంది. రెండు వేడి బోర్డులు ఏకమై, సరిగ్గా ఉన్న మూడో చల్ల బోర్డుని వెలేస్తాయి! రెక్క నెమ్మదిగా, ఎంతో ఆత్మవిశ్వాసంతో తప్పు వైపుకి వాలుతుంది. ఎర్ర దీపం వెలిగేది నిజం చెప్పిన బోర్డు మీద. గదిలో అప్పుడు చప్పట్లుండవు. ఎవరో ఒకరు “సార్, ఇది అన్యాయం” అంటారు.

అన్యాయం దగ్గర మొదలుపెట్టి ఆ వారమంతా కాగితం పని చెప్తాను. విమానంలోకి ఎక్కే సాఫ్ట్‌వేర్‌కి డీఓ-178సి అనే ప్రమాణం ఉంది. ప్రాణాలకి ముప్పు తెచ్చే కోడ్‌లో ప్రతి పంక్తీ ఏ అవసరం కోసం రాశారో చూపించాలి, ఆ అవసరాన్ని ఎలా పరీక్షించారో చూపించాలి, పరీక్షించింది రాసినవాడు కాక వేరేవాడై ఉండాలి, సంతకాలుండాలి. పిల్లలకి ఇది పరమ విసుగు. ఐఐటీకి వచ్చింది గుమస్తాగిరీ చెయ్యడానికా అని మొహాలు చెప్తుంటాయి. సగంమంది మనసులో ముంబై ఫైనాన్స్ కంపెనీలు, బెంగళూరు స్టార్టప్‌లు తిరుగుతుంటాయి. నేను అడ్డు చెప్పను, ఎవరి జీతం వారిది. మెమోలో రెండు సంతకాల మధ్య ఉండే టైము కాలమ్ ఎందుకుందో మాత్రం చెప్పి పంపిస్తాను.

చివరి పరీక్షలో ఏటా ఒకే రకం ప్రశ్న ఇస్తాను. మూడు సెన్సర్లు మూడు వేర్వేరు లెక్కలు చెప్తున్నాయి, ఏ రెండూ కలవడం లేదు. మీ వ్యవస్థ ఏం చెయ్యాలి? పది మార్కులు. కొందరు సగటు తీస్తారు, వాళ్లకి రెండు. కొందరు మధ్యది తీసుకుంటారు, అయిదు. కొందరు పైలట్‌కి అప్పగిస్తారు, ఏ స్థితిలో, ఎంత ముందుగా చెప్పి అప్పగిస్తారో రాస్తే ఆరు. కిందటి బ్యాచ్‌లో ఒకమ్మాయి, నాన్న టాటానగర్‌లో లోకో పైలట్, ఇలా రాసింది. ఎత్తు ఎక్కువుంటే మూడింటినీ కాసేపు పక్కన పెట్టి, ఇంజన్ పవర్, ముక్కు కోణం ఒక తెలిసిన అంకె దగ్గర కట్టేసి, విమానాన్ని ఉన్న తీరునే పోనివ్వాలి. ఎత్తు తక్కువుంటే అసలు ఆ స్థితి రాకుండా డిజైన్ చెయ్యాల్సింది, ఇప్పుడు ఏం చేసినా ఆలస్యమే. మొదటి సగంలో ఆమె రాసిందే మంచి పైలట్లు నిజంగా చేసేది, ఎయిర్ ఫ్రాన్స్ వాళ్లు చెయ్యాల్సిందీ అదే.

ఎనిమిది ఇచ్చాను. పేపర్లు చూపించే రోజు ఆమె వచ్చి నిలబడింది.

“రెండు మార్కులు ఎక్కడ పోయాయి సార్?”

“రెండో సగానికి జవాబు రాయలేదమ్మా. ‘ఆలస్యమే’ అంటే జవాబు కాదు కదా.”

“జవాబు లేదన్నదే నా జవాబు సార్. మీకు తెలిస్తే చెప్పండి, రెండూ వదిలేస్తాను.”

వెనక ఇంకో పదిమంది లైన్లో ఉన్నారు. ఒక మార్కు కలిపాను. ఇంకోటి కూడా కావాలని అక్కడే నిలబడింది.